ఏ నట్టకు పోసిన మందు?

“నట్టల మందు పోసిన్రా పెద్దాయనా?” అని అడిగాను.

“పోసిన సారూ, పది దినాలైతుంది. సూది గూడ ఏపిచ్చిన” అన్నాడాయన.

చేతిలోని పుస్తకంలో “నట్టల మందు: ఇచ్చారు” అని రాసుకుని తర్వాతి ప్రశ్నకు వెళ్లిపోయాను. పశువైద్యం చదువు ముగించి పల్లెల్లో తిరుగుతున్న తొలి రోజులవి. పాలమూరు వైపు ఒక చెరువు కింది ఊరు. వానలు వెనకబట్టి, చెరువు నీళ్లు తగ్గి, శిఖం భూమిలో పచ్చగడ్డి లేచిన కాలం. గొర్రెలు చిక్కిపోతున్నాయి. కళ్లు పాలిపోయాయి. కొన్నింటికి దవడ కింద నీరు దిగి చిన్న సంచిలా వేలాడుతోంది. నట్టల మందు ఎలాగూ పడింది కదా అని నేను మేత లోపం వైపు, రక్తంలో ఉండే పరాన్నజీవుల వైపు ఆలోచించాను. బలానికి ఏవో ఇంజెక్షన్లు రాసిచ్చాను. వారం తిరగకుండానే చనిపోయిన ఒక గొర్రెను కోసి చూస్తే, కార్జంలో, పైత్యనాళాల్లో ఆకుల్లాంటి జలగలు కుప్పలుగా ఉన్నాయి.

ఆయన తాగించింది ఫెన్‌బెండజోల్. వేయించింది ఐవర్‌మెక్టిన్ సూది. గొర్రెలకు మామూలుగా పోసే మోతాదులో మొదటిది కార్జపు జలగను చంపదు. రెండోదానికి ఆ జలగ అసలు లొంగదు. సరైన మందు చేరేలోపు మరో తొమ్మిది గొర్రెలు పోయాయి.

ఆయన అబద్ధం చెప్పలేదు. నట్టల మందు పోశాడు. “ఏ మందు?” అన్న రెండో ప్రశ్న అడగనిది నేను. ఆ ప్రశ్న నాకు తట్టకపోవడానికి నా అనుభవలేమి ఒక కారణం. “నట్టల మందు” అనే మాట రెండో కారణం. ఆ మాట వినగానే సమాధానం దొరికినట్టే అనిపిస్తుంది. నిజానికి అక్కడ ప్రశ్న మొదలవ్వాలి.

ఈ మందుకు మన దగ్గర పేర్లు తక్కువేమీ కావు. పాఠ్యపుస్తకంలో కృమినాశిని. ఆయుర్వేదంలో కృమిఘ్నం. ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో నులిపురుగుల మాత్ర. మందుల దుకాణంలో డీవార్మర్. మంద దగ్గర నట్టల మందు. ఇంగ్లిష్ వైద్యగ్రంథాల్లో కనిపించే యాంథెల్మింటిక్ అన్న మాట కూడా ఇంతకంటే ఎక్కువేమీ చెప్పదు. గ్రీకులో పురుగు అనే అర్థమున్న పదానికి ముందు “వ్యతిరేకం” అన్న ఉపసర్గ చేర్చి కట్టిన మాట అది. అన్ని పేర్లూ “పురుగు”, “దానికి మందు” అనే చెబుతున్నాయి. ఏ పురుగు అన్నది ఒక్కటీ చెప్పదు. కాబట్టి కాపరి మాటను తక్కువ చేసి, పుస్తకంలోని మాటను ఎక్కువ చేయడానికేమీ లేదు. పైగా “నట్టల మందు పోయడం” అన్నప్పుడు ఆ “పోయడం”లో మందు ఇచ్చే పద్ధతి కూడా ఉంది: తల మరీ పైకెత్తకుండా, దవడ పక్కనుంచి, గుటక వేసే వ్యవధి ఇస్తూ. మాట మంచిదే. ఒక్క మాటే మూడు నాలుగు పనులు చేయాల్సి రావడమే చిక్కు.

నట్టలు అని మనం పిలిచేవి ఒక జాతి కాదు, ఒక కుటుంబమూ కాదు. స్థూలంగా మూడు రకాలు. సన్నటి దారంలా ఉండే గుండ్రటి పురుగులు, రిబ్బనులా పొడుగ్గా ఉండే బద్దె పురుగులు, ఆకులా చదునుగా ఉండే జలగలు. చివరి రెండూ చదును పురుగుల వర్గానివి కనుక దూరపు చుట్టాలు. గుండ్రటి పురుగులకూ వీటికీ చుట్టరికం చాలా తక్కువ. జీవ పరిణామ వృక్షంలో చూస్తే గుండ్రటి పురుగు జలగకంటే ఈగకు, పేనుకు, గోమారుకు దగ్గర. పెరిగేటప్పుడు పై పొరను కుబుసంలా విడిచే జీవుల గుంపులో ఇవన్నీ ఉన్నాయి. జలగ ఆ గుంపులో లేదు. ఒకే పొట్టలో ఉంటున్నాయి కదా అని వీటన్నిటినీ ఒక పేరుతో పిలవడం, ఒకే చెట్టు మీద వాలుతాయి కదా అని కాకినీ గబ్బిలాన్నీ ఒకటే అనడం లాంటిది.

ఈ చుట్టరికం విషయం పుస్తకాల ముచ్చట మాత్రమే కాదు. ఐవర్‌మెక్టిన్ గుండ్రటి పురుగులతో పాటు గజ్జి పురుగుల్నీ పేలనూ ఎందుకు చంపుతుంది, జలగను ఎందుకు చంపదు అన్నదానికి జవాబు అందులోనే ఉంది. నరాల్లో, కండరాల్లో గ్లుటమేట్ తగిలితే తెరుచుకునే ఒక రకం క్లోరైడ్ ద్వారాలు గుండ్రటి పురుగుల్లోనూ కీటకాల్లోనూ ఉన్నాయి. ఈ మందు వాటిని తెరిచి పట్టి ఉంచుతుంది. దాంతో పురుగు చచ్చుబడిపోతుంది. జలగల్లో, బద్దె పురుగుల్లో ఈ మందుకు లొంగే ద్వారాలు లేవు. మనలాంటి క్షీరదాల్లోనూ ఆ రకం ద్వారాలు లేవు. అందుకే సరైన మోతాదులో ఇస్తే గొర్రెకు హాని ఉండదు.

ఇక లక్షణాలు చూసి పురుగును పోల్చుకోవచ్చు కదా అంటారా? అక్కడే నేను బోల్తాపడ్డాను. దవడ కింద నీరు దిగడం రెండు వేర్వేరు నట్టల వల్ల వస్తుంది. ఒకటి కార్జపు జలగ. రెండోది గొర్రె నాలుగో పొట్టలో ఉండే హీమాంకస్ అనే గుండ్రటి పురుగు. ఆడ పురుగు రెండు మూడు సెంటీమీటర్ల పొడవుంటుంది. రక్తంతో నిండిన ఎర్రటి పేగు చుట్టూ తెల్లటి గర్భనాళాలు పెనవేసుకుని, ఎరుపూ తెలుపూ కలిపి పేనిన దారంలా కనిపిస్తుంది. ఒక్కో పురుగు రోజుకు సుమారు 0.05 మిల్లీలీటర్ల రక్తం పోయేలా చేస్తుంది. వినడానికి చుక్క. కానీ ఒక గొర్రె పొట్టలో వెయ్యి పురుగులుంటే రోజుకు 50 మిల్లీలీటర్లు. 30 కిలోల గొర్రె ఒంట్లో ఉండే రక్తమంతా కలిపి రెండు లీటర్లే. ఒక ఆడ పురుగు రోజుకు ఐదు వేల నుంచి పది వేల దాకా గుడ్లు పెడుతుంది. అవి పేడలో పడి, వాన తడికి పొదిగి, గడ్డి పరక మీదికి ఎక్కి మళ్లీ గొర్రె నోట్లోకి చేరతాయి.

జలగ దారి వేరు. దాని గుడ్లు నీటిలో పొదగాలి. పుట్టిన పిల్ల ఒక జాతి నీటి నత్తలో దూరి పెరగాలి. బయటికొచ్చి నీటి అంచున గడ్డికి అంటుకోవాలి. నట్టకూ నత్తకూ తెలుగులో ఒక్క ఒత్తే తేడా అని విద్యార్థులకు చెప్పి నవ్వించేవాణ్ని. పలకడంలోనూ రాయడంలోనూ ఒకదానికొకటి పడిపోవడం మామూలే. అయితే జలగ విషయంలో నత్త లేకపోతే నట్ట లేదు. చెరువు శిఖంలో మేసిన మందా, మెట్ట బీడులో మేసిన మందా అన్న ఒక్క ప్రశ్న ఆ రోజు వేసుకుని ఉంటే నాకు దారి దొరికేది. రెండు పురుగులూ రక్తాన్ని, అందులోని ప్రొటీన్‌ను హరిస్తాయి కనుక దవడ కింద కనిపించే సంచి ఒక్కలాగే ఉంటుంది. కావలసిన మందులు మాత్రం వేరు. క్లోజాంటెల్ లాంటి ఒకటి రెండు మందులు ఈ రెండింటి మీదా పనిచేస్తాయి. అది మందు గొప్పతనమే కానీ, తెలియకుండా వాడటానికి సాకు కాదు.

మందుల సంగతికి వద్దాం. దుకాణంలో పదుల కొద్దీ బ్రాండ్లు కనిపిస్తాయి. వాటి వెనక ఉన్న కుటుంబాలు మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టగలిగినన్నే. ఆల్బెండజోల్, ఫెన్‌బెండజోల్, ఆక్స్‌ఫెండజోల్ వంటివి ఒక కుటుంబం. ఇవి పురుగు కణాల్లో ట్యూబులిన్ అనే ప్రొటీన్‌కు అతుక్కుని, కణం లోపలి రవాణాను ఆపేస్తాయి. లెవామిసోల్, టెట్రామిసోల్ ఇంకో కుటుంబం. ఇవి పురుగు కండరాలను బిగుసుకుపోయేలా చేస్తాయి. ఐవర్‌మెక్టిన్, డోరమెక్టిన్ మూడోది. జలగలకు ట్రైక్లాబెండజోల్, ఆక్సీక్లోజనైడ్ వంటివి, బద్దె పురుగులకు ప్రజిక్వాంటెల్ వేరే ఉన్నాయి.

ఇప్పుడు అసలు చిక్కు. జాగ్రత్తపరుడైన కాపరి, పక్కవాళ్ల కంటే ఒక మెట్టు పైన ఆలోచించేవాడు, “ప్రతిసారీ ఒకే మందు పోయకూడదంట” అని విని ఉంటాడు. అందుకని పోయినసారి ఆల్బెండజోల్ పోస్తే ఈసారి దుకాణంలో వేరే సీసా అడుగుతాడు. ఫెన్‌బెండజోల్ ఇస్తారు. రంగు వేరు, కంపెనీ వేరు, ధర వేరు. పురుగుకు మాత్రం ఏమీ మారలేదు. ఒకే తాళానికి రెండు దుకాణాల్లో చేయించిన ఒకే తాళంచెవి అది. ఆ కుటుంబానికి పురుగు అలవాటు పడితే మొత్తం కుటుంబమూ పోయినట్టే. అలవాటు పడటం అంటే ఏదో మహా మార్పు కాదు. ట్యూబులిన్ ప్రొటీన్‌లో 200వ స్థానంలో ఉండే ఒక్క అమైనో ఆమ్లం మారితే చాలు, మందు అతుక్కునే చోటు పోతుంది. ఆ ఒక్క మార్పు ఉన్న పురుగులు మందు పడినప్పుడల్లా బతికి బయటపడి, వాటి సంతానమే మిగులుతుంది.

ఇది రేపు రాబోయే ముప్పు కాదు. ఈ కుటుంబంలో మొదటిదైన థయాబెండజోల్ 1961లో మార్కెట్లోకి వచ్చింది. 1964 నాటికే దానికి లొంగని హీమాంకస్ అమెరికాలో కనిపించింది. ఐవర్‌మెక్టిన్ పశువుల కోసం 1981లో వచ్చింది. ఆ దశాబ్దం ముగిసేలోపే దక్షిణాఫ్రికా గొర్రెల్లో దానికి తట్టుకున్న పురుగులు బయటపడ్డాయి. మన దేశంలోనూ ముఖ్యంగా బెండజోల్ మందులకు లొంగని హీమాంకస్‌ను అనేక రాష్ట్రాల గొర్రెల, మేకల క్షేత్రాల్లో శాస్త్రవేత్తలు నమోదు చేశారు. 2019 పశుగణన ప్రకారం తెలంగాణలో 1.91 కోట్లు, ఆంధ్రప్రదేశ్‌లో 1.76 కోట్ల గొర్రెలున్నాయి. దేశంలో మొదటి రెండు స్థానాలు ఈ రెండు రాష్ట్రాలవే. మందులు పనిచేయడం మానేస్తే అందరికంటే ముందు నష్టపోయేది ఎవరో వేరే చెప్పక్కర్లేదు.

పేరు చివర చూసి కుటుంబాన్ని పోల్చుకోవచ్చా అని చాలామంది అడుగుతారు. కొంతవరకు చూడవచ్చు. మందుల జనరిక్ పేర్లకు ప్రపంచ ఆరోగ్య సంస్థ కొన్ని ఉమ్మడి తోకలు నిర్ణయించింది. “బెండజోల్” అని ముగిస్తే మొదటి కుటుంబం, “మెక్టిన్” అని ముగిస్తే మూడోది. నేనూ చాలాకాలం ఈ చిట్కానే చెప్పేవాణ్ని. కానీ ట్రైక్లాబెండజోల్ కూడా బెండజోలే. అది జలగల మీద తప్ప గుండ్రటి పురుగుల మీద పనిచేయదు. ఇక “ఆంటెల్” తోక మరీ విచిత్రం. పైరాంటెల్, క్లోజాంటెల్, ప్రజిక్వాంటెల్, మోనెపాంటెల్ అన్నీ ఆంటెల్‌లే. నాలుగూ నాలుగు వేర్వేరు తీరుల్లో పనిచేస్తాయి. ఎందుకంటే ఆ తోకకు ఇచ్చిన అర్థం “ఏ గుంపుకూ చెందని నట్టల మందు” అని మాత్రమే! జెనీవాలో కూర్చుని పేర్లు పెట్టే నిపుణులు కూడా చివరికి మన కాపరి మాట దగ్గరికే వచ్చి ఆగారన్నమాట.

ఐవర్‌మెక్టిన్ విషయంలో “నట్టల మందు” అన్న పేరు ఇంకో రకంగా తప్పుదారి పట్టిస్తుంది. శరీరం లోపలా బయటా ఉండే పరాన్నజీవులు రెండింటినీ చంపుతుంది కనుక దీన్ని ఇంగ్లిష్‌లో ఎండెక్టోసైడ్ అంటారు. లోపల, బయట అన్న రెండు మాటల్ని అతికించి చేసిన పేరు. తెలుగులో దీనికి స్థిరమైన పేరేదీ కుదురుకోలేదు. దాంతో ఏమవుతుందంటే, గజ్జికో, పేలకో, గోమార్లకో ఈ సూది వేసినప్పుడు ఎవరూ దాన్ని నట్టల మందుగా లెక్కపెట్టరు. “నట్టల మందు ఏడాదికి రెండుసార్లే పోస్తాం” అని నిజాయితీగా చెప్పే రైతు మందకు మధ్యలో గోమార్ల కోసం మరో రెండు సూదులు పడి ఉంటాయి. పొట్టలోని పురుగుల లెక్కలో అవి నాలుగుసార్లు. ఆ మందుకు తట్టుకోవడం నేర్చుకునే అవకాశం రెట్టింపు. పేడలోకి వెళ్లే మందు సంగతి సరేసరి. పేడను భూమిలోకి చేర్చే పేడ పురుగుల పిల్లలకు అది హాని చేస్తుందని 1980ల నుంచే పరిశోధనలు చెబుతున్నాయి. పొలానికి మేలు చేసే పురుగుకు “నట్ట” అన్న పేరు లేదు కాబట్టి మందుకు తెలుస్తుందా?

ఈ ఐవర్‌మెక్టిన్ పేరు మీదే 2021లో ప్రపంచమంతా ఒక పెద్ద గొడవ నడిచింది. కోవిడ్‌కు ఇది పనిచేస్తుందని కొందరు, “అది గుర్రాల మందు” అని ఎగతాళి చేసినవాళ్లు ఇంకొందరు. మన దేశంలోనూ చికిత్సా మార్గదర్శకాల్లోకి వచ్చి, అదే ఏడాది బయటికి వెళ్లింది. గోవాలో 18 ఏళ్లు దాటిన వారందరికీ ముందుజాగ్రత్తగా ఇస్తామన్నారు. పెద్ద ఎత్తున జరిగిన పరీక్షల్లో, ముఖ్యంగా బ్రెజిల్‌లో జరిగి 2022లో ఫలితాలు వచ్చిన పరీక్షలో, కోవిడ్ రోగులకు ప్రయోజనం కనిపించలేదు. వాడొద్దన్నవాళ్లదే చివరికి సరైన మాట అయింది. కానీ వాళ్లు చెప్పిన కారణం నాకు ఇప్పటికీ నచ్చదు. “పశువుల మందు” అన్నది ఒక మందును తోసిపుచ్చడానికి కారణం కాదు. జపాన్‌లోని షిజువోకా ప్రాంతపు మట్టిలో దొరికిన ఒక సూక్ష్మజీవి నుంచి సతోషి ఒమురా, విలియం క్యాంప్‌బెల్ పరిశోధనల వల్ల వచ్చిన ఈ మందు ముందు పశువులకే వచ్చింది. 1987 నుంచి ఆఫ్రికాలో నది ఒడ్డు ఊళ్లను గుడ్డివాళ్లను చేస్తున్న వ్యాధికి దాన్ని ఉచితంగా ఇవ్వడం మొదలైంది. ఆ ఇద్దరికీ 2015లో నోబెల్ బహుమతి వచ్చింది. మనుషులకు ఇచ్చేదీ అదే అణువే. తేడా రోగంలో, మోతాదులో, తయారీలో ఉంది. గుర్రానికిచ్చే పేస్టు గొట్టంలో అర టన్నుకు పైబడిన జంతువుకు సరిపడే మందు ఉంటుంది. అందులోంచి వేలితో తీసుకుని నాకినవాళ్లకు ఏ పేరు పెట్టి చెప్పినా ప్రమాదం ఒక్కటే.

మనుషులకూ పశువులకూ మధ్య ఈ రాకపోకలు కొత్తవి కావు. భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు నాయకత్వంలో అమెరికాలోని లెడర్లే ప్రయోగశాల 1940లలో తెచ్చిన డైఇథైల్ కార్బమజీన్ ఇప్పటికీ మన ఊళ్లలో బోదకాలు నివారణకు మింగించే మాత్ర. అదే మందును ఎన్నో ఏళ్లు కుక్కల్లో గుండె పురుగు రాకుండా వాడారు. ఇటు చూస్తే ఏటా ఫిబ్రవరి 10న, ఆగస్టు 10న బడుల్లో పిల్లలకు చప్పరించమని ఇచ్చే 400 మిల్లీగ్రాముల నులిపురుగుల మాత్ర ఆల్బెండజోలే. పొద్దున బిడ్డ బడిలో చప్పరించిందీ, సాయంత్రం తండ్రి దొడ్డిలో గొర్రెకు తాగించిందీ ఒకే అణువు అన్న సంగతి చాలా ఇళ్లలో తెలియదు. ఒకటి నులిపురుగుల మాత్ర, ఇంకొకటి నట్టల మందు కాబట్టి. ఈ రెండు పేర్లు వేరుగా ఉండటమే ఒక రకంగా మంచిది. పశువుల సీసా పిల్లల నోటికి చేరకుండా కాపాడుతోంది. కాబట్టి నేను ఈ మాటల్ని మార్చమనడం లేదు. వాటి పక్కన ఇంకో మాట చేర్చమంటున్నాను.

అదెలా? బ్రిటన్‌లో గొర్రెల మందులకు అంకెలు పెట్టారు. బెండజోల్‌లు 1, లెవామిసోల్ 2, మెక్టిన్‌లు 3, ఆ తర్వాత వచ్చిన కొత్తవి 4, 5. అక్కడి రైతులు వాటిని తెల్ల మందు, పసుపు మందు అని రంగులతో కూడా పిలుచుకుంటారు. మన దగ్గర రంగులు కుదరకపోవచ్చు. ఒక్కో కంపెనీ ఒక్కో రంగు కలుపుతుంది. అంకె కుదురుతుంది. పురుగుమందుల డబ్బా మీద ఎరుపు, పసుపు, నీలం, ఆకుపచ్చ త్రికోణాలు చూసి విషం తీవ్రతను పోల్చుకోవడం మన రైతుకు తెలుసు. చదువురాని వాళ్లకు కూడా తెలుసు. పశువుల మందుల మీద ఇప్పటికే చట్టప్రకారం ఒక జంతువు తల బొమ్మ, మనుషులకు వాడరాదన్న హెచ్చరిక వేస్తున్నారు. ఆ బొమ్మ పక్కన కుటుంబపు అంకె ఒకటి, “గుండ్రటి పురుగు”, “జలగ”, “బద్దె పురుగు” అన్న మూడింటిలో దేనికి పనిచేస్తుందో తెలుగులో ఒక మాట వేయడానికి కొత్త విజ్ఞానమేదీ అక్కర్లేదు. అప్పుడు దుకాణంలో “పోయినసారి ఒకటి పోసిన, ఈసారి రెండు ఇవ్వన్నా” అని అడగవచ్చు. చూలు నిలిచిన తొలి నెలలో ఆల్బెండజోల్ తాగిస్తే కడుపులోని పిల్లకు ముప్పు. పాలిచ్చే పశువుకు కొన్ని మందులు ఇవ్వకూడదు. కొన్ని ఇచ్చాక ఇన్ని రోజులు పాలు, మాంసం అమ్మకూడదు. ఈ సంగతులన్నీ లేబుల్ మీద ఉన్నాయి, చీమ తలంత ఇంగ్లిష్ అక్షరాల్లో.

పశుసంవర్ధక శాఖలు ఊరూరా ఉచితంగా జరిపే నట్టల నివారణ కార్యక్రమాల గురించి ఒక మాట. ఇవి మంచి పనే. ఎన్నో మందలు వానాకాలం దాటి బతకడానికి ఇవే కారణం. అయితే గోడ మీది ప్రకటనలో “నట్టల మందు తాగించండి” అని ఉంటుంది తప్ప ఈ విడత ఏ మందు వచ్చిందో ఉండదు. కాపరికి ఆ పేరు తెలియాలి. నాలుగు నెలల తర్వాత సొంత డబ్బుతో కొనేటప్పుడు అది అవసరం. రెండోది, ఒకే రోజు మందలోని ప్రతి జీవానికీ తాగించడం అన్న పద్ధతి మీదే ఇప్పుడు శాస్త్రవేత్తలకు అనుమానాలున్నాయి. మందలో ఎక్కువ పురుగుల్ని మోసేవి కొద్ది జీవాలే. మందు తగలని పురుగులు కొన్ని మిగిలితే, మందుకు లొంగే జాతి కూడా బతికి, తట్టుకునే జాతిని పలచన చేస్తుంది. దక్షిణాఫ్రికాలో రూపొందిన ఫమాచా అనే పద్ధతి దీని మీదే నిలబడింది. గొర్రె కింది కనురెప్ప తిప్పి, లోపలి రంగును ఎరుపు నుంచి తెలుపు దాకా ఐదు మెట్ల రంగుల పట్టీతో పోల్చి, పాలిపోయిన వాటికే మందు పోస్తారు. హీమాంకస్ ఎక్కువగా ఉన్న చోట ఇది బాగా పనికొస్తుంది. పట్టీ లేకుండానే మన కాపరులు కనురెప్ప తిప్పి చూడటం నేను చాలాచోట్ల చూశాను. “రగతం లేదు సారూ దీనికి” అంటారు. ఆ చూపును మనం పద్ధతిగా ఎందుకు వాడుకోవడం లేదో నాకు అర్థం కాదు.

కళ్లు చూడటంతో పాటు పేడ చూడటం ఉంటే ఇంకా మేలు. మందుకు ముందు ఒకసారి, పోసిన పది పద్నాలుగు రోజులకు ఇంకోసారి పేడలో గుడ్లు లెక్కిస్తే సరిపోతుంది. గుడ్లు 95 శాతమైనా తగ్గకపోతే మందు మీద అనుమానపడాలి. అనుమానపడే ముందు మాత్రం మోతాదు సరిచూసుకోవాలి. ముప్పై కిలోల పొట్టేలును కంటి చూపుతో ఇరవై కిలోలని అంచనా వేస్తే మందు మూడో వంతు తగ్గిపోతుంది. మేకల ఒంట్లో చాలా మందులు గొర్రెల కంటే త్వరగా కరిగిపోతాయి. గొర్రె మోతాదే మేకకు పోసి, మందు పనిచేయలేదనడం కూడా ఉంది. కలిపి మేపే మందల్లో ఇది రోజూ జరిగే పొరపాటు.

ఆ చెరువు కింది ఊరి పెద్దాయన ఇప్పుడు లేడు. మందను కొడుకు చూసుకుంటున్నాడు. కొత్త సీసా కొన్నప్పుడల్లా లేబుల్‌ను ఫోటో తీసి నాకు పంపుతాడు. మొన్న పంపిన ఫోటో కింద “సారూ, ఇది బెండజోలే గదా, పోయినసారి ఆల్బెండజోల్ పోసినం, ఇది వద్దా మరి?” అని రాశాడు. సీసా మీద ఉన్నది ట్రైక్లాబెండజోల్. ఆయన మంద ఆ వారమంతా శిఖం భూమిలో మేసింది. జవాబు రాయడానికి నాకు పావుగంట పట్టింది.